ముప్పావలా వడ్డీకి కోటి రూపాయలు

బ్యాంకులో ఇళ్ల లోన్ల టేబుల్ దగ్గరే సర్వీసులో ఎక్కువ భాగం గడిచింది. గుంటూరు, విజయవాడ, ఆఖర్న హైదరాబాదు. ఎదురు కుర్చీలో కూర్చున్నవాళ్ల మొదటి ప్రశ్న ఎప్పుడూ ఒకటే: "ఈఎంఐ ఎంత పడుతుంది సార్?" రెండోది: "ఎన్ని రోజుల్లో శాంక్షన్ అవుతుంది?" చివరికి మొత్తం ఎంత కడతామో అడిగినవాళ్లు చాలా అరుదు. ఇప్పుడు మా ఇంటి పిల్లలు, వాళ్ల స్నేహితులు ఇళ్లు కొనే వయసుకొచ్చారు. వాళ్లకు భోజనాల దగ్గర ముక్కలు ముక్కలుగా చెప్పేవన్నీ ఒకచోట రాస్తున్నాను. ఇల్లు కొనొద్దని చెప్పడానికి కాదు, లెక్క చూసుకుని కొనమని.

అంతటా ఒకే ఉదాహరణ పట్టుకుందాం. 50 లక్షల అప్పు, ఏడాదికి 8.5 శాతం వడ్డీ, 20 ఏళ్ల గడువు. ఈఎంఐ 43,391 రూపాయలు.

1. నెలకెంత అని కాదు, మొత్తం ఎంత అని అడగండి

మన ఊళ్లలో వడ్డీ చెప్పేది నెలకు నూటికి ఇంత అని. రెండు రూపాయల వడ్డీ అంటే ఏడాదికి 24 శాతం, రూపాయి వడ్డీ అంటే 12. ఆ లెక్కన 8.5 శాతం ముప్పావలా కూడా కాదు, 71 పైసలు. పల్లెటూరి నుంచి కొడుకుతో పాటు బ్యాంకుకు వచ్చిన పెద్దవాళ్లు ఈ రేటు విని ఆశ్చర్యపోయేవారు. ఇంత తక్కువకు ఎవరిస్తారండీ అనేవారు. నిజమే, వడ్డీ చవకే. కానీ ఊళ్లో తెచ్చిన అప్పు పంట చేతికి రాగానే తీర్చేవాళ్లు, తీరకపోతే మూడేళ్లు నిండకుండా నోటు తిరగరాసేవాళ్లు. ఇక్కడ గడువు ఇరవై ఏళ్లు. 240 వాయిదాలు పూర్తయ్యేసరికి చేతినుంచి వెళ్లేది కోటీ 4 లక్షల 14 వేలు. అందులో వడ్డీయే 54 లక్షల పైన. ముప్పావలా లోపు వడ్డీకి తెచ్చిన అసలు రెట్టింపు దాటింది.

ఇప్పుడు గడువు మార్చి చూడండి. ఇదే అప్పు 30 ఏళ్లకు పెడితే ఈఎంఐ 38,446. నెలకు అయిదు వేలు కూడా తగ్గలేదు, వడ్డీ మాత్రం 88 లక్షల 40 వేలకు చేరింది. అంటే 34 లక్షలు అదనం. అదే 15 ఏళ్లకు కుదిస్తే నెలకు 49,237, వడ్డీ 38 లక్షల 63 వేలు. నెలకు ఆరు వేల లోపు ఎక్కువ కడితే పదిహేనున్నర లక్షలు మిగిలాయి. రేటులో పావు శాతం తగ్గించమని మేనేజరు చుట్టూ తిరిగేవాళ్లు గడువు దగ్గరికొచ్చేసరికి "మీరెంత వేస్తే అంత వెయ్యండి సార్" అనేవారు. బ్యాంకుకు పొడుగు గడువే ఇష్టం. బిల్డరుకూ అంతే, గడువు పెరిగితే మీకు ఎలిజిబిలిటీ పెరుగుతుంది, ఆయన పెద్ద ఫ్లాటు అమ్మగలుగుతాడు. పొట్టి గడువు కావాలనే మనిషి ఆ గదిలో మీరొక్కరే.

2024 అక్టోబరు 1 నుంచి కొత్త రిటైల్ రుణాలకు కేఎఫ్‌ఎస్ అనే పత్రం ఇవ్వడం తప్పనిసరి. రుసుములన్నీ కలుపుకుని వచ్చే అసలైన వార్షిక రేటు, వాయిదాల పట్టిక అందులో ఉంటాయి. సంతకాల కట్టలో కలిసిపోకముందే దాన్ని ఇంటికి తీసుకెళ్లి చదవండి. భార్యాభర్తలిద్దరూ చదవండి, ఎందుకంటే సాధారణంగా అప్పు ఇద్దరి పేరు మీదా ఉంటుంది.

2. మొదటి ఏళ్లన్నీ వడ్డీకే పోతాయి

మొదటి నెల కట్టే 43,391లో వడ్డీ 35,417. అసలుకు జమయ్యేది 7,974. ఇందులో మోసమేమీ లేదు. బాకీ ఉన్న మొత్తం మీదే వడ్డీ వేస్తారు, మొదట్లో బాకీ అంతా మిగిలే ఉంటుంది కాబట్టి వడ్డీయే ఎక్కువ. (ఒకప్పుడు కొన్ని సంస్థలు మీరు నెలనెలా కడుతున్నా ఏడాదికోసారే అసలు తగ్గించి లెక్కేసేవి. ఇప్పుడు నెలవారీ తగ్గింపే మామూలైంది.)

అయిదేళ్లు క్రమం తప్పకుండా కట్టారనుకోండి. 26 లక్షలు కట్టినట్టు. బాకీ చూస్తే ఇంకా 44 లక్షలు. పదేళ్లకు, అంటే సగం గడువు అయ్యేసరికి, 52 లక్షలు కట్టి ఉంటారు, బాకీ 35 లక్షలు. ఈఎంఐలో అసలు వాటా వడ్డీ వాటాను దాటేది పన్నెండో ఏడు చివర్లో. అప్పులో సగం తీరేది పద్నాలుగో ఏట. ఈ పట్టిక చూసి ఒకాయన నన్ను నిలదీశారు, బ్యాంకు తన డబ్బు నొక్కేసిందని. కాల్క్యులేటరు ఆయన చేతికే ఇచ్చి పన్నెండు నెలలు వేయించాను. లెక్క తేలింది, కోపం మాత్రం అలాగే ఉంది.

"అద్దె దండగండీ, అదే డబ్బు ఈఎంఐ కడితే ఇల్లు మనదవుతుంది" అనే మాట ఈ పట్టిక పక్కన పెట్టి వినాలి. మొదటి నెల పోయిన 35 వేల వడ్డీ కూడా ఒకరకం అద్దే, ఇంటికి కాక డబ్బుకు కట్టేది. అదే ఫ్లాటు 22 వేలకు అద్దెకు దొరుకుతుంటే మొదటి కొన్నేళ్లు లాభం ఎటువైపుందో తేలిగ్గా చెప్పలేం. పదిహేను, ఇరవై ఏళ్లు అక్కడే ఉండేవాళ్లకు కొనడమే మంచిదని నా అభిప్రాయం. నాలుగేళ్లకో ఊరు మారే ఉద్యోగమైతే తొందరపడకండి.

3. ఈఎంఐ మారలేదంటే మీకేమీ కాలేదని కాదు

మన దగ్గర గృహ రుణాలు దాదాపు అన్నీ ఫ్లోటింగే, అంటే మధ్యలో రేటు మారేవే. రిజర్వ్ బ్యాంకు తాను బ్యాంకులకిచ్చే అప్పు మీద వేసే రెపో రేటు 2020 మే నుంచి 2022 మే దాకా 4 శాతం. ఆ రోజుల్లో 6.7 శాతానికే ఇంటి అప్పు దొరికింది. తర్వాత 2023 ఫిబ్రవరికల్లా రెపో 6.5 అయింది. తొమ్మిది నెలల్లో రెండున్నర శాతం పెరుగుదల.

2021 మొదట్లో 6.7 శాతానికి 50 లక్షలు, 20 ఏళ్లకు తీసుకున్నాయన ఈఎంఐ 37,870. రెండేళ్ల తర్వాత రేటు 9.2 అయింది. బ్యాంకు ఆయన ఈఎంఐ ముట్టుకోలేదు, గడువు పెంచింది. ఆయన సంతోషంగానే ఉన్నాడు. బాకీ అప్పటికి 47 లక్షల 45 వేలు, దాని మీద నెల వడ్డీ 36,379. అంటే అసలుకు పోయేది నెలకు పదిహేను వందల లోపు. ఆ రేటే కొనసాగి, ఆ ఈఎంఐయే కడుతూ పోతే మిగిలిన 18 ఏళ్లు కాస్తా 35 ఏళ్లవుతాయి. రిటైరైన తర్వాత ఎవరు కట్టాలి? ఇలాంటి ఫిర్యాదులు పెరగడంతో 2023 ఆగస్టులో రిజర్వ్ బ్యాంకు గట్టిగా చెప్పింది. రేటు మారినప్పుడు ఈఎంఐ పెంచుకోవాలా, గడువు పెంచుకోవాలా, రెండూ కొంత కొంతా అన్నది అప్పు తీసుకున్నవాళ్లనే అడగాలని, ఎప్పుడైనా కొంత మొత్తం ముందే కట్టే వీలు ఇవ్వాలని. అడిగినప్పుడు "ఈఎంఐ పెంచండి" అని రాసివ్వండి. ఎవరూ అడగకపోతే మీరే వెళ్లి మిగిలిన నెలలెన్నో కనుక్కోండి.

2025లో రెపో దిగింది, జూన్ నాటికి 5.5. రేటు తగ్గినప్పుడు చాలామంది ఈఎంఐ తగ్గించమని వస్తారు. ఇబ్బంది లేనివాళ్లు పాత ఈఎంఐయే ఉంచుకోవాలి. అప్పుడు గడువు దానంతటదే కరుగుతుంది.

4. పాత ఖాతాదారుడికి పాత రేటే

బ్యాంకులు వడ్డీ రేటు నిర్ణయించే పద్ధతి మారుతూ వచ్చింది. 2010 జులైలో బేస్ రేటు, 2016 ఏప్రిల్‌లో ఎంసీఎల్‌ఆర్, 2019 అక్టోబరులో రెపో లాంటి బయటి ప్రమాణానికి ముడిపడిన రేటు వచ్చాయి. కొత్త పద్ధతి వచ్చినప్పుడల్లా పాత అప్పులు పాత చట్రంలోనే ఉండిపోతాయి, మీరు కాగితం పెట్టి మార్పించుకునేదాకా. పైగా ఒకే పద్ధతిలో కూడా కొత్తవాళ్లకు తక్కువ మార్జిన్, పాతవాళ్లకు ఎక్కువ. నమ్మకంగా ఏళ్ల తరబడి కట్టేవాడే ఎక్కువ కడుతుంటాడు. నాకు ఈ వ్యవహారం ఎప్పుడూ నచ్చలేదు.

అర శాతం తేడా అంటే మన ఉదాహరణలో నెలకు 1,595, మొత్తం మీద 3 లక్షల 80 వేల పైచిలుకు. ఏడాదికోసారి కొత్తవాళ్లకు ఎంతకిస్తున్నారో చూసి, తేడా ఉంటే మీ బ్రాంచిలో అర్జీ పెట్టండి. చిన్న రుసుముతో మారుస్తారు. మార్చకపోతే వేరే బ్యాంకుకు మారొచ్చు, కానీ ప్రాసెసింగ్ ఫీజు, లీగల్ ఒపీనియన్, ఎంఓడీ (పత్రాలు తనఖా పెట్టినట్టు రాసే దస్తావేజు) ఖర్చు మళ్లీ పడతాయి. వడ్డీ భారం ఎక్కువుండే మొదటి ఏళ్లలోనే అది గిట్టుబాటు. హౌసింగ్ ఫైనాన్స్ కంపెనీలో తీసుకున్నవాళ్లు ఇంకో సంగతి గుర్తుంచుకోవాలి. 2019 నాటి ఆ రెపో నిబంధన బ్యాంకులకే, ఆ కంపెనీలకు కాదు.

5. ముందు కట్టిన రూపాయికి బలమెక్కువ

ఏడాదికి ఒక్క ఈఎంఐ అదనంగా కట్టండి. బోనస్సో, పండగ అడ్వాన్సో, పొలం కౌలు డబ్బో. 20 ఏళ్ల అప్పు పదహారేళ్ల ఎనిమిది నెలల్లో తీరుతుంది. పది లక్షల పైన మిగులుతాయి. ఇంకా చేయగలిగితే జీతం పెరిగినప్పుడల్లా ఈఎంఐ ఏడాదికి 5 శాతం పెంచుకుంటూ పోండి. పన్నెండేళ్లు దాటిన కొద్ది నెలలకే అప్పు అయిపోతుంది. ఈ రెండో పద్ధతి చెబితే నమ్మరు, అందుకని కాగితం మీద వేసి చూపించేవాణ్ని. మొదటి పెంపు నెలకు రెండు వేల చిల్లరే కదా.

వ్యక్తులు తీసుకున్న ఫ్లోటింగ్ గృహ రుణం ముందే తీర్చినందుకు బ్యాంకులు రుసుము వసూలు చేయకూడదని 2012 నుంచే నిబంధన ఉంది. కొంత మొత్తం కట్టేటప్పుడు ఫారంలో ఈఎంఐ తగ్గించాలా, గడువు తగ్గించాలా అని అడుగుతారు. గడువు మీద టిక్కు పెట్టండి. అయితే ఉన్నదంతా ఊడ్చి కట్టొద్దు. ఆరు నెలల ఇంటి ఖర్చు, పిల్లల ఫీజు, అమ్మానాన్నల ఆస్పత్రి ఖర్చు పక్కన పెట్టాకే. అప్పులోకి పోయిన డబ్బు మళ్లీ కావాలంటే ఇంకో అప్పే చేయాలి.

6. అమెరికా సలహా అమెరికాకే

డాలస్ నుంచో న్యూజెర్సీ నుంచో సెలవులకొచ్చిన అబ్బాయిలు "ముందే తీర్చడం దండగ మామయ్యా, ఆ డబ్బు మార్కెట్లో పెట్టాలి" అంటారు. వాళ్ల దేశంలో 30 ఏళ్లకూ రేటు కదలని అప్పు దొరుకుతుంది. 2021లో అది 3 శాతం లోపు పడింది. అలాంటి అప్పు తీరిగ్గా తీర్చడమే తెలివి. మన అప్పు 8.5, అదీ పెరగొచ్చు. తీర్చిన ప్రతి రూపాయికీ పన్ను లేకుండా, నష్టభయం లేకుండా ఎనిమిదిన్నర శాతం వచ్చినట్టే. అంత రాబడి ఖాయంగా ఇచ్చే డిపాజిట్ మన దగ్గర ఏది?

7. పన్ను కోసం అప్పు ఉంచుకోవద్దు

సొంతానికి ఉంటున్న ఇంటి వడ్డీ మీద పాత పన్ను విధానంలో ఏడాదికి 2 లక్షల దాకా మినహాయింపు. 30 శాతం శ్లాబులో ఉన్నవాళ్లకు సెస్సుతో కలిపి 62,400 మిగులుతుంది. మన ఉదాహరణలో మొదటి ఏడాది వడ్డీ 4 లక్షల 21 వేలు. ఇక కొత్త విధానం ఎంచుకున్నవాళ్లకు ఆ మినహాయింపే లేదు, అసలు మీద 80సీ కూడా లేదు. ఆడిటరు చెప్పాడని అప్పు సాగదీస్తున్నవాళ్లు ఆయన్నే ఇంకోసారి కూర్చోబెట్టి లెక్క వేయించండి.

8. ఫ్లాటు ధర వేరు, ఇంట్లోకి అడుగుపెట్టే ఖర్చు వేరు

80 లక్షల ఫ్లాటు అనుకోండి. 30 నుంచి 75 లక్షల మధ్య అప్పుకు రిజర్వ్ బ్యాంకు నిబంధన ప్రకారం ఆస్తి విలువలో 80 శాతమే ఇవ్వొచ్చు. అంటే 64 లక్షలు. మిగతా 16 లక్షలు మీవి, దాన్నే మార్జిన్ మనీ అంటారు. స్టాంపు డ్యూటీ, బదిలీ సుంకం, రిజిస్ట్రేషన్ ఫీజు కలిపి మన రెండు రాష్ట్రాల్లోనూ ఏడున్నర శాతం చుట్టుపక్కల, ఆరు లక్షలు. ఈ ఖర్చును బ్యాంకు ఇంటి విలువలో కలపదు. కడుతూ ఉన్న ఫ్లాటైతే 5 శాతం జీఎస్టీ, ఇంకో 4 లక్షలు. ఇవి 26 లక్షలు. కప్‌బోర్డులు, మోటారు, గృహప్రవేశం, అపార్ట్‌మెంటు కార్పస్ ఫండ్ ఆ తర్వాత.

ఈ 26 లక్షలు ఎక్కణ్నుంచి తెస్తారన్న దగ్గరే అసలు కథ ఉంటుంది. చీటీ పాట పాడతారు, నాలుగో వంతు తోసేసి. ఇంట్లో బంగారం కుదువ పెడతారు. పర్సనల్ లోను, క్రెడిట్ కార్డు. చివర్లో తెలిసినాయన దగ్గర రెండు రూపాయల వడ్డీకి చేబదులు. బ్యాంకు పట్టికలో ఇవేవీ కనిపించవు. నేను చూసిన చాలా ఇళ్లలో కుటుంబాన్ని కుంగదీసింది ఇంటి ఈఎంఐ కాదు, ఈ పక్క అప్పులు. మార్జిన్ మనీ సొంతంగా చేతిలో లేకపోతే రెండేళ్లు ఆగండి. ఆగితే ధర పెరుగుతుందని భయపెడతారు. పెరగొచ్చు కూడా. ఆ పెరుగుదల 24 శాతం వడ్డీ కంటే ఎక్కువుంటుందని మాత్రం ఎవరూ రాసివ్వరు.

9. గోడలు లేవకముందు కట్టే వడ్డీ

కట్టడం నడుస్తున్నప్పుడు బ్యాంకు విడతలుగా విడుదల చేస్తుంది. విడుదలైనంత మేర వడ్డీ మాత్రం కట్టడమే ప్రీ-ఈఎంఐ. 30 లక్షలు విడుదలైతే నెలకు 21,250. రెండేళ్లు నడిస్తే 5 లక్షల 10 వేలు, అసలు ఒక్క రూపాయి తగ్గదు. పక్కన ఇంటద్దె ఎలాగూ ఉంది. వీలైతే మొదటి విడత నుంచే పూర్తి ఈఎంఐ కట్టుకుంటామని బ్యాంకును అడగండి.

"తాళం ఇచ్చేదాకా ఈఎంఐ మేమే కడతాం" అనే బిల్డరు మాటకు అస్సలు లొంగొద్దు. ఆయన మధ్యలో మానేస్తే బ్యాంకు అడిగేది మిమ్మల్నే, సిబిల్‌లో మచ్చ పడేదీ మీకే. రెరా చట్టం కింద అగ్రిమెంటు రిజిస్టరు చేయకుండా ధరలో పది శాతం మించి తీసుకోకూడదు. దానికి ఒప్పుకోని బిల్డరు దగ్గర కొనకండి.

10. ఇన్సూరెన్సు కావాలి, అప్పులో కలిపి కాదు

అప్పుతో పాటు ఒక్కసారే ప్రీమియం కట్టే పాలసీ అంటగట్టి, ఆ ప్రీమియం కూడా అప్పులోనే కలిపేస్తారు. లక్షన్నర ప్రీమియం 20 ఏళ్లలో 3 లక్షల 12 వేలవుతుంది. అది తప్పనిసరి అని చెబితే ఆ మాట రాసివ్వమనండి. విషయం అక్కడితో ఆగిపోతుంది. కానీ బీమాయే వద్దని వదిలేయడం ఇంకా పెద్ద పొరపాటు. అప్పుకు సరిపడా విడిగా టర్మ్ పాలసీ తీసుకోండి. సంపాదించేవాడు పోయాక ఇద్దరు చిన్నపిల్లలతో బ్రాంచికి వచ్చి "ఇప్పుడు ఇల్లు తీసేసుకుంటారా సార్" అని అడిగిన తల్లికి జవాబు చెప్పవలసి రావడం కంటే కష్టమైన పని ఆ ఉద్యోగంలో నాకు తగల్లేదు.

11. కట్టలేకపోతే దాక్కోవద్దు

90 రోజులు బాకీ పడితే ఖాతా మొండిబాకీ అవుతుంది. ఆ తర్వాత 2002 నాటి సర్ఫేసీ చట్టం కింద 60 రోజుల నోటీసు. అప్పటికీ కట్టకపోతే కోర్టులో దావా వేయకుండానే బ్యాంకు ఇల్లు స్వాధీనం చేసుకోగలదు. ఉద్యోగం పోయిన మొదటి నెలలోనే వెళ్లి మాట్లాడినవాళ్లకు ఏదో ఒక దారి దొరికేది. ఫోను ఎత్తడం మానేసినవాళ్లకు నోటీసే వచ్చేది.

12. ఆఖరి ఈఎంఐతో పని అయిపోదు

అప్పు తీరిపోయిందని మిఠాయి పంచి, కాగితాలు బ్యాంకులోనే వదిలేసినవాళ్లను చూశాను. 2023 డిసెంబరు నుంచి నిబంధన స్పష్టంగా ఉంది. అప్పు పూర్తిగా తీరిన 30 రోజుల్లో ఒరిజినల్ పత్రాలు తిరిగివ్వాలి. సంస్థ వల్ల ఆలస్యమైతే రోజుకు 5,000 రూపాయలు మీకు చెల్లించాలి. అప్పు తీసుకునే రోజే ఏయే డాక్యుమెంట్లు ఇచ్చారో, లింకు డాక్యుమెంట్లతో సహా, జాబితా రాయించుకుని సంతకం తీసుకోండి. తీరాక ఆ జాబితా పట్టుకుని వెళ్లి ఒక్కొక్కటీ సరిచూసుకుని తెచ్చుకోండి. బాకీ లేదన్న లేఖ తీసుకోండి. ఎంఓడీ రిజిస్టరు చేయించి ఉంటే సబ్‌రిజిస్ట్రారు ఆఫీసులో దాని విడుదల కూడా రిజిస్టరు చేయించండి. నెల తర్వాత కొత్త ఈసీ (ఆస్తి మీద తాకట్లు చూపే ధ్రువపత్రం) తీయండి. అందులో విడుదల నమోదైనట్టు కనిపిస్తేనే అప్పు తీరినట్టు.